కొలెత్: ముద్దుపేరుకు దక్కిన పెద్దరికం

ఫ్రెంచివారి స్త్రీనామాలలో ‘కొలెత్’ పలకడానికి రెండు అక్షరాల పేరే అయినా దాని వెనుక నాలుగు తరాల వంశావళి ఉంది. గ్రీకులో విజయాన్ని చెప్పే ‘నీకె’, ప్రజలను చెప్పే ‘లావొస్’ అనే మాటలు కలిసి ‘నికొలావొస్’ అనే పురుషనామం ఏర్పడింది. అది లాటిన్ మీదుగా ఫ్రాన్సుకు చేరి ‘నికొలా’ అయింది. దానికి స్త్రీరూపంగా ‘నికొల్’ నిలబడింది. నికొల్‌ను ముద్దుచేస్తే ‘నికొలెత్’. ఆ ముద్దుపేరునే ఇంకాస్త ముద్దుచేసేసరికి మొదటి అక్షరం రాలిపోయి ‘కొలెత్’ మిగిలింది. పిల్లల పేర్ల పుస్తకాలు దీనికెదురుగా ‘ప్రజల విజయం’ అని అర్థం రాసి అక్కడితో ముగిస్తాయి. ఆ అర్థం తప్పు కాదు. కాని ఆ పేరు పుట్టిన పల్లెల్లో దాన్ని పెట్టినవారికీ పిలిచినవారికీ గ్రీకు తెలియదు కనుక, పేరు విలువనంతా వ్యుత్పత్తిలో వెతకడం వృథా. కొలెత్ వంటి పేర్ల అసలు విశేషం వేరొకచోట ఉంది: ఇంట్లో పుట్టిన పిలుపు చర్చి దస్తరంలోకి, అక్కడినుంచి పునీతుల పంచాంగంలోకి, చివరికి ప్రభుత్వ రిజిస్టరులోకి ఎక్కి, తనను కన్న పెద్దపేరు అండ లేకుండానే నిలబడగలిగింది.

ఈ పరిణామానికి మూలమైన నికొలా సామాన్యమైన పేరు కాదు. నేటి తుర్కియే దేశపు దక్షిణ తీరాన ఉన్న మీరా పట్టణానికి నాలుగో శతాబ్దంలో బిషప్పుగా ఉన్న పునీత నికొలా, నావికులకూ పిల్లలకూ పెళ్లీడు ఆడపిల్లలకూ రక్షకుడని పేరుపొందాడు. కట్నం ఇచ్చుకోలేని ఒక తండ్రి ఇంట్లోకి ఆయన రాత్రిపూట బంగారు మూటలు విసిరి ముగ్గురు కూతుళ్లను కాపాడాడన్న కథ యూరప్ అంతటా వ్యాపించింది. 1087లో ఇటలీ నావికులు ఆయన అస్థికలను మీరా నుంచి బారీ నగరానికి తరలించిన తరువాత పశ్చిమ యూరప్‌లో ఆయన భక్తి ఉప్పెనలా పెరిగింది. ఫ్రాన్సు తూర్పున ఉన్న లొరెన్ సీమలోని సేన్-నికొలా-ద-పోర్ పట్టణం ఆయన పేరుతోనే యాత్రాస్థలమయింది. డిసెంబరు 6న వచ్చే ఆయన పండుగ ఆ సీమ పిల్లలకు ఇప్పటికీ పెద్ద పండుగే.

పునీతుడి పేరు ఇంత ప్రియమైనప్పుడు ఊరూరా నికొలాలు పుట్టుకొచ్చారు. మధ్యయుగపు చివరి శతాబ్దాలలో ఫ్రాన్సు పల్లెల్లో వాడుకలో ఉన్న జ్ఞానస్నాన నామాల సంఖ్య చాలా పరిమితం. జాన్, పియెర్, నికొలా, మరీ, కాత్రిన్ వంటి కొన్ని పేర్లే తిరిగి తిరిగి వచ్చేవి. పెద్దమ్మాయి పేరు, ఆమెకు పేరుపెట్టిన జ్ఞానస్నానపు తల్లి పేరు, పక్కింటి పిల్ల పేరు ఒకటే అయినప్పుడు ఎవరిని పిలుస్తున్నారో తెలియడానికి పేరును విరచడం, వంచడం, తోక తగిలించడం తప్పనిసరి అయింది. నికొలా నుంచి కొలా, కొలాన్, కొలె అనే పురుషరూపాలు, నికొల్ నుంచి నికొలెత్, కొలెత్ అనే స్త్రీరూపాలు ఇలా వచ్చినవే. ముద్దుపేరును మమకారం ఒక్కటే పుట్టిస్తుందన్న నమ్మకం సగమే నిజం. మిగతా సగం ఊళ్లో ఒకే పేరు గలవాళ్లు ఎక్కువ కావడం. ఇంకొక చిక్కు కూడా అప్పట్లో ఉండేది: నికొల్ అన్న రూపం ఈనాటిలా స్త్రీలకే పరిమితం కాదు. పద్నాలుగో శతాబ్దపు గొప్ప గణితవేత్త, 1382లో లిజియు బిషప్పుగా మరణించిన పండితుడి పేరు నికొల్ ఒరెమ్. అలాంటప్పుడు ‘ఎత్’ అన్న తోక ఆ పేరు ఆడపిల్లదని తేల్చిచెప్పే గుర్తుగా కూడా పనికొచ్చింది.

ఈ పేర్ల తయారీలో ఉన్న పనితనం ప్రధానంగా రెండు మెలకువలు: తల కోయడం, తోక తగిలించడం. తల కోయడమంటే పేరు మొదటి అక్షరాన్నో అక్షరాలనో వదిలేయడం. ఫ్రెంచి భాషలో ఊనిక, అంటే పలుకులో బరువు పడే చోటు, మాట చివరన ఉంటుంది. అందుచేత తొందరగా పిలిచినప్పుడు చివరి భాగం నిలిచి ముందు భాగం అరిగిపోతుంది. అదే నికొలాను ఆంగ్లేయులు ‘నిక్’ అని ముందు భాగాన్ని పట్టుకుని పిలిస్తే, ఫ్రెంచివారు ‘కొలా’ అని వెనుక భాగాన్ని పట్టుకోవడానికి కారణం ఈ ఊనిక భేదమే. అంత్వానెత్ నుంచి త్వానెత్, ఎలిజబెత్ నుంచి లీజ్, దానినుంచి లీజెత్, అదే ఎలిజబెత్ నుంచి మరో దారిలో బాబెత్ వచ్చాయి. అయితే ఇది మొగ్గే గాని నియమం కాదు. మార్గెరీత్ నుంచి వచ్చిన మార్గో, మరీ నుంచి వచ్చిన మనోఁ, మరియోఁ అన్నవి తల నిలుపుకుని తోక మార్చుకున్న పేర్లు.

తోకల విషయం మరింత రసవత్తరమైనది. వ్యాకరణంలో వీటిని అల్పార్థక ప్రత్యయాలంటారు; మాట చివర చేరి ఆ వస్తువు చిన్నదనో, ప్రియమైనదనో, ఒక్కోసారి తక్కువదనో సూచించే ముక్కలివి. ఫ్రెంచిలో ‘ఎత్’కు పూర్వరూపం లాటిన్‌లోని ‘ఇత్తా’. ప్రాచీన లాటిన్ సాహిత్యభాషకు ఈ ప్రత్యయం పరాయిది. రోమన్ సామ్రాజ్య కాలపు శిలాశాసనాలలో జూలిత్తా వంటి స్త్రీల పేర్ల చివర ఇది మొదట తలెత్తుతుంది. అంటే వస్తువులకున్న ప్రత్యయం మనుషులకు పాకలేదు, మనుషుల ముద్దుపేర్లలో పుట్టినది తరువాత వస్తువులకు పాకింది. ఇల్లు అనే అర్థమున్న ‘మెజోఁ’ నుంచి చిన్న ఇల్లు ‘మెజొనెత్’, ఆడపిల్ల అనే ‘ఫీయ్’ నుంచి చిన్నారి ‘ఫియెత్’ ఏర్పడ్డాయి. చిన్న సిగారు సిగరెట్టు, చిన్న పెట్టె క్యాసెట్టు, చిన్న గుడ్డముక్క నుంచి అలంకరణకూ, అక్కడినుంచి స్నానాలగదికీ అర్థం జరుగుతూ వచ్చిన టాయిలెట్టు, ఈ మూడూ ఇంగ్లీషు మీదుగా తెలుగు వాడుకలో స్థిరపడిన అల్పార్థకాలే.

తెలుగు ఇళ్లలో మరొకటి బీరువాలోనే ఉంది. జార్జెట్ చీర అన్నప్పుడు ఎవరూ ఒక స్త్రీ పేరు పలుకుతున్నామని అనుకోరు. కాని ఇరవయ్యో శతాబ్దపు తొలినాళ్లలో జొర్జెత్ ద లా ప్లాంత్ అనే ఫ్రెంచి దర్జీ పేరుమీద ఆ బట్టకు ఆ పేరు వచ్చింది. జొర్జెత్ అన్నది జొర్జ్ అనే పురుషనామానికి ‘ఎత్’ చేర్చగా వచ్చిన స్త్రీనామం. ఇక్కడ ప్రత్యయం చేస్తున్న పని మునుపటిది కాదని గమనించాలి. కొలెత్‌లో అది నికొల్‌ను ముద్దుచేస్తుంది. జొర్జెత్, పొలెత్, పియెరెత్, ఆన్రియెత్ వంటి వాటిలో అది మగపేరును ఆడపేరుగా మారుస్తుందే తప్ప చిన్నతనాన్ని చెప్పదు. ఆస్ట్రియా రాజధాని వియన్నాలో 1755లో మరియా అంతోనియాగా పుట్టి ఫ్రాన్సుకు రాణి అయిన స్త్రీని ప్రపంచం మరీ అంత్వానెత్ అని పిలిచినప్పుడు ఆ పేరులోని ‘ఎత్’ను ఎవరూ ముద్దుగా వినలేదు. ప్రత్యయం ఒకటే, పనులు రెండు. పేర్ల పుస్తకాలు ఈ రెండింటినీ కలిపేసి ‘చిన్నారి ఫలానా’ అని అన్నిటికీ ఒకే అర్థం రాయడం పాఠకుణ్ణి తప్పుదారి పట్టిస్తుంది.

‘ఎత్’కు తోబుట్టువులు కొన్ని ఉన్నాయి. ‘ఓఁ’ అని ముక్కుతో పలికే తోక మనోఁ, సుజోఁ, ఫాంషోఁ, మదలోఁ వంటి పేర్లనిచ్చింది. ‘ఓత్’ తోకతో షార్ల్ నుంచి షార్లొత్ వచ్చింది. ‘ఈన్’ తోక జొజెఫీన్, కరొలీన్ వంటి పేర్లకు కొంత రాచఠీవి ఇస్తుంది; కరీబియన్ దీవిలో పుట్టి మరీ జొజెఫ్ రోజ్ అన్న పేరుతో పెరిగిన స్త్రీని జొజెఫీన్ అని పిలవడం మొదలుపెట్టినవాడు నెపోలియన్ అని ప్రసిద్ధి, చరిత్రలో ఆమెకు నిలిచిన పేరు అదే. ఏ తోక ఏ కాలంలో ఏ వర్గానికి నప్పుతుందన్న దానిపై ఫ్రెంచివారి చెవి చాలా సున్నితమైనది.

కొలెత్ పేరును పంచాంగానికి ఎక్కించిన స్త్రీ ఉత్తర ఫ్రాన్సులోని పికార్దీ సీమలో, కొర్బీ అనే చిన్న పట్టణంలో 1381 జనవరి 13న పుట్టింది. తండ్రి రొబేర్ బొయెలె అక్కడి బెనెడిక్టు సభ మఠంలో వడ్రంగి. తల్లి మార్గెరీత్‌కు వయసు మీరిన తరువాత పునీత నికొలాకు మొక్కుకోగా ఈ బిడ్డ కలిగిందనీ, ఆ కృతజ్ఞతతోనే నికొలెత్ అని పేరు పెట్టారనీ సంప్రదాయం చెబుతుంది. మొక్కు తీర్చుకునే పేరు పెట్టడం తెలుగువారికి వివరించనక్కరలేని సంగతి. తిరుపతి మొక్కుతో పుట్టినవాడు వెంకన్న అయినట్టే కొర్బీ వడ్రంగి కూతురు నికొలెత్ అయింది, ఇంట్లో కొలెత్ అయింది. చిన్న వయసులోనే తల్లిదండ్రులను పోగొట్టుకుని, ఉన్నదంతా బీదలకు పంచి, ఏ మఠంలోనూ కుదురుకోలేక, చివరికి 1402లో కొర్బీ చర్చి పక్కన గోడలు కట్టి మూసిన చిన్న గదిలో ఏకాంత తపస్వినిగా చేరింది.

ఆ గదిలోనే ఆమె జీవితం ముగిసి ఉంటే పేరు చరిత్రకు ఎక్కేది కాదు. పునీత ఫ్రాన్సిస్ అసీసి తనకు దర్శనమిచ్చి, ఆయన శిష్యురాలు క్లారా స్థాపించిన మఠకన్యల సభను తొలినాటి పేదరిక నియమానికి మళ్లించమన్నాడని నమ్మి, నాలుగేళ్ల తరువాత ఆమె బయటికి వచ్చింది. అది క్రైస్తవ సభ ఒకే కాలంలో ఇద్దరేసి పోపులతో చీలిపోయి ఉన్న కాలం. 1378లో మొదలైన ఆ చీలిక 1417 దాకా తెగలేదు. ఫ్రాన్సు అప్పట్లో ఆవిన్యోఁ పక్షపు పోపు పదమూడో బెనెడిక్టును గుర్తించేది. 1406లో కొలెత్ నీస్ నగరంలో ఆయనను కలిసి మఠాలను సంస్కరించే అధికారం సంపాదించింది. పాతికేళ్ల వడ్రంగి కూతురికి, వంశబలం గాని చదువుబలం గాని లేని స్త్రీకి దక్కిన అధికారం అది. 1410లో బెజాన్సోఁ మఠంతో మొదలుపెట్టి ఆమె 17 మఠాలను స్థాపించింది. చెప్పులు లేని కాళ్లతో నడవడం, ఆస్తి ఏదీ ఉంచుకోకపోవడం, కఠిన ఉపవాసం ఆమె పెట్టిన నియమాలు. 1447 మార్చి 6న నేటి బెల్జియంలోని ఘెంట్ నగరంలో మరణించింది. 1807లో పోపు ఏడో పయస్ ఆమెకు పునీత పట్టం ఇచ్చాడు. ఆమె నియమాన్ని పాటించే మఠకన్యలను నేటికీ కొలెతీన్‌లు అంటారు.

ఇందులో పేరుకు సంబంధించిన ముఖ్యమైన సంగతి ఒకటుంది. పునీత పట్టం దక్కింది నికొలెత్‌కు కాదు, కొలెత్‌కు. ముద్దుపేరుతోనే ఆమె పీఠమెక్కింది. దాంతో ఆ పేరుకు సొంత పండుగ దినం వచ్చింది. ఫ్రాన్సులో పుట్టినరోజుతో పాటు పేరు పండుగ జరుపుకునే ఆచారం ఉంది. పంచాంగంలో ఒక్కో రోజు ఒక్కో పునీతుడిదో పునీతురాలిదో కనుక, ఆ పేరు గలవారికి ఆ రోజు శుభాకాంక్షలు చెబుతారు. తపాలా ఉద్యోగి ఏడాది చివర ఇంటింటికీ తెచ్చే కేలండరులో మార్చి 6 ఎదురుగా కొలెత్ అని అచ్చయి ఉంటుంది. లీజెత్‌కో త్వానెత్‌కో ఆ భాగ్యం లేదు. వారు ఎలిజబెత్ పండుగనో అంత్వాన్ పండుగనో పంచుకోవాలి.

ఇంటి పిలుపు ఒకటి, ఊరి పిలుపు ఇంకొకటి అయిన స్త్రీలు ఫ్రాన్సు చరిత్రలో మరెందరో ఉన్నారు. జోన్ ఆఫ్ ఆర్క్ అని తెలుగు పాఠ్యపుస్తకాలు చెప్పే జాన్ దార్క్‌ను 1431 ఫిబ్రవరిలో రువాఁ నగరంలో విచారణకు నిలబెట్టి ముందుగా పేరడిగినప్పుడు, సొంతూళ్లో తనను జానెత్ అనేవారనీ ఫ్రాన్సుకు వచ్చాక జాన్ అంటున్నారనీ ఆమె జవాబిచ్చినట్టు దస్తరంలో ఉంది. ఆమె స్వగ్రామం దోంరెమీ లొరెన్ సరిహద్దున ఉంది కనుక, ఫ్రాన్సు అంటే ఆమె ఉద్దేశంలో రాజు ఏలే నేల. సైన్యం ముందు నడిచిన నాటినుంచి ‘ఎత్’ రాలిపోయింది; పల్లెపిల్ల జానెత్ పోయి రాజ్యానికి కావలసిన జాన్ మిగిలింది. తోక తగిలితే చనువు, తోక రాలితే గౌరవం అన్న సంప్రదాయపు లెక్కకు ఇంతకన్న స్పష్టమైన సాక్ష్యం దొరకదు.

ఆ లెక్క తలకిందులయిన సందర్భం పిరెనీ పర్వతాల పాదాన లూర్దులో కనిపిస్తుంది. 1844 జనవరి 7న ఒక మరపట్టేవాని ఇంట పుట్టిన పిల్లకు, జ్ఞానస్నానపు తల్లిగా నిలిచిన పెద్దమ్మ బెర్నార్ద్ పేరు కలిసేలా, మరీ-బెర్నార్ద్ అని పేరు పెట్టారు; ఇంట్లో మాత్రం బెర్నదెత్. 1858 ఫిబ్రవరి 11 నుంచి జూలై 16 వరకు గుహ దగ్గర 18 సార్లు మరియమాత దర్శనమిచ్చిందని చెప్పినప్పుడు ఆమెకు పద్నాలుగేళ్లు. 1866లో నెవేర్ మఠంలో చేరినప్పుడు అక్కడి పెద్దలు ముద్దుపేరును పక్కనపెట్టి సిస్టర్ మరీ-బెర్నార్ అన్న గంభీరమైన పేరు ఇచ్చారు. 1879లో మరణించిన ఆమెకు 1933 డిసెంబరు 8న పునీత పట్టం దక్కినప్పుడు ఆ గంభీరమైన పేరు తెర వెనక్కి పోయింది. లోకం కొలిచింది బెర్నదెత్‌నే. విజయవాడలో గుణదల కొండమీద ఏటా ఫిబ్రవరి 9, 10, 11 తేదీల్లో లక్షల మంది చేరే మేరీమాత ఉత్సవాలు ముగిసే తేదీ లూర్దులో ఆ పిల్ల చెప్పిన తొలి దర్శనపు తేదీయే. తెలుగు కతోలిక కుటుంబాలలో బెర్నదెత్ అనే పేరు వినిపించడానికీ, లూర్దమ్మ అన్న పేరు పుట్టడానికీ మూలం అక్కడే.

అయితే ‘ఎత్’కు పవిత్రత ఎంత అంటిందో చాకిరీ వాసన కూడా అంతే అంటింది. పదిహేడు, పద్దెనిమిదో శతాబ్దాల ఫ్రెంచి నాటకరంగంలో ఇంటి పనిమనిషి పాత్రకు ‘ఎత్’ పేరు దాదాపు ఆనవాయితీ. మొలియేర్ 1673లో ప్రదర్శించిన చివరి నాటకంలో, లేని జబ్బులు ఊహించుకునే యజమానిని ఆటపట్టించే దాసి త్వానెత్. మారివో 1730 నాటి నాటకంలో యజమానురాలు సిల్వియా, దాసి లీజెత్. దొరసానికి నిండు పేరు, దాసికి తుంచిన పేరు. పనిమనిషిని ముద్దుపేరుతో పిలవడంలోని చనువు ఒకవైపు నుంచే నడిచే చనువు. త్వానెత్ తన యజమానిని తుంచి పిలవలేదు. ఇదే ప్రత్యయం ఇంగ్లీషులోకి వెళ్లి అవహేళనకు పనికొచ్చిన చరిత్ర కూడా ఉంది: ఓటుహక్కు కోసం పోరాడిన బ్రిటిష్ స్త్రీలను 1906లో ఒక లండన్ దినపత్రిక వెక్కిరింపుగా ‘సఫ్రజెట్’ అంటే, ఆ స్త్రీలు ఆ మాటనే తమ బిరుదుగా స్వీకరించి 1912లో తమ పత్రికకు పెట్టుకున్నారు.

నాటకాల కన్న నాలుగు శతాబ్దాల ముందు మాత్రం నికొలెత్ దాసి పేరు కాదు. పదమూడో శతాబ్దపు ‘ఒకాసెన్ ఎ నికొలెత్’ అనే ఫ్రెంచి కథ, తెలుగువారి చంపూకావ్యంలా పద్యం గద్యం కలిసి నడిచేది, ఒకే ఒక రాతప్రతిలో నిలిచి పారిస్ జాతీయ గ్రంథాలయంలో భద్రంగా ఉంది. బొకేర్ ప్రభువు కొడుకు ఒకాసెన్, అన్యదేశం నుంచి బందీగా తెచ్చి కొన్న పిల్ల నికొలెత్‌ను ప్రేమిస్తాడు. నాయకుడు చీటికిమాటికి కన్నీరు పెట్టుకుంటుంటే, దుప్పట్లు ముడివేసి కిటికీలోంచి దిగి పారిపోయేది నికొలెత్. అడవిలో కొమ్మలతో పూలతో గుడిసె కట్టేది ఆమె. తాను కార్తేజ్ రాజు కూతురినని తెలిశాక కూడా ముఖానికి రంగు పూసుకుని గాయకుడి వేషంలో ప్రియుణ్ణి వెతుక్కుంటూ వచ్చేది ఆమె. ముద్దుపేరు గలది కనుక మెత్తనిది అన్న ఊహను ఆ అజ్ఞాత కవి ఏనాడో చెరిపేశాడు.

పంతొమ్మిదో శతాబ్దంలో విక్టర్ హ్యూగో ఈ రెండు ముఖాలనూ ఒకే పిల్లలో చూపించాడు. 1862 నాటి ‘లే మిజెరాబ్ల్’ నవలలో ఫాంతీన్ అనే నిరుపేద తల్లి తన బిడ్డకు పెట్టిన పేరు ఉఫ్రజీ. పిలిచేది మాత్రం కొజెత్. ఒకదానినుంచి ఇంకొకటి ఎలా వచ్చిందో ఏ శాస్త్రానికీ అందదు. తల్లుల ఇలాంటి పేర్ల సృష్టి వ్యుత్పత్తి పండితులను బెంబేలెత్తిస్తుందని హ్యూగో అక్కడే చమత్కరిస్తాడు. తల్లికి దూరమై పూటకూళ్ల ఇంట్లో చాకిరీ చేసే ఆ పిల్లను ఊరివాళ్లు భరతపక్షి అనే అర్థంలో ‘అలుయెత్’ అంటారు. ఒక ‘ఎత్’ తల్లి పెట్టినది, ఇంకొక ‘ఎత్’ తెల్లవారకముందే లేచి ఊడ్చే పిల్లను చూసి లోకం పెట్టినది.

ఇంటి పిలుపు రాతలోకి ఎక్కడం ఎప్పుడూ సాఫీగా సాగలేదు. 1539 నాటి విలేర్-కొత్రె రాజశాసనం జ్ఞానస్నానాల నమోదును ఊరి చర్చి గురువుల విధిగా చేసింది. తరువాతి రెండున్నర శతాబ్దాలు పేరు రాయడం గురువు చేతిలో పని కాబట్టి కొందరు జానెత్‌ను జానెత్‌గానే రాశారు, కొందరు జాన్‌గా దిద్దారు. 1792 సెప్టెంబరులో విప్లవ ప్రభుత్వం ఆ దస్తరాలను చర్చి నుంచి తీసి పురపాలక కార్యాలయాలకు అప్పగించింది. విప్లవపు ఉత్సాహంలో పూలపేర్లు, కూరగాయల పేర్లు, వీరుల పేర్లు పిల్లలకు పెట్టిన పదేళ్ల గందరగోళం తరువాత, నెపోలియన్ హయాంలో విప్లవ పంచాంగం ప్రకారం పదకొండో ఏడాది జెర్మినాల్ 11న, అంటే 1803 ఏప్రిల్ 1న, ఒక చట్టం వచ్చింది. పంచాంగాలలో ఉన్న పేర్లు, ప్రాచీన చరిత్రలోని ప్రసిద్ధుల పేర్లు తప్ప మరేవీ నమోదు చేయరాదని అది శాసించింది.

ఈ చట్టం కింద ముద్దుపేరు పరిస్థితి విచిత్రమయింది. పంచాంగంలో పునీతురాలి అండ ఉన్న పేరుకు అడ్డులేదు. అండ లేని పేరు గుమాస్తా దయమీద ఆధారపడేది. 1966 ఏప్రిల్‌లో న్యాయశాఖ జారీచేసిన సూచనలు ఈ బిగింపును కొంత సడలించి, జెన్‌వియెవ్ నుంచి వచ్చిన జినెత్, ఆన్ నుంచి వచ్చిన అనీ వంటి ముద్దుపేర్లను ఒప్పుకోవచ్చునని ఉదాహరణలతో చెప్పాయి. అప్పటికే దేశంలో వేలాది జినెత్‌లు మనవరాళ్లను ఎత్తుకునే వయసుకు వస్తున్నారు కాబట్టి, అది అనుమతి అనడం కన్న వాడుకకు తలవంచడం అనడమే సబబు. 1993 జనవరి 8 నాటి చట్టంతో తల్లిదండ్రులకు పేరు ఎంచుకునే స్వేచ్ఛ పూర్తిగా వచ్చింది. బిడ్డ మేలుకు విరుద్ధమని తోచిన పేరును రిజిస్ట్రారు ప్రభుత్వ న్యాయవాది దృష్టికి తీసుకెళ్లాలి, తీర్పు న్యాయస్థానానిది.

కొలెత్ అనగానే నేటి పాఠకులకు తట్టేది పునీతురాలు కాదు, రచయిత్రి. ఈ పేరు చరిత్రలో అన్నిటికన్న చిత్రమైన మలుపు కూడా ఆమెదే, ఎందుకంటే ఆమెకు కొలెత్ అన్నది పెట్టిన పేరే కాదు. బుర్గుండీ సీమలో సేన్-సొవెర్-అఁ-ప్విజే అనే పల్లెలో 1873 జనవరి 28న పుట్టిన ఆమె పూర్తిపేరు సిదొనీ-గబ్రియెల్ కొలెత్; యుద్ధంలో కాలు పోగొట్టుకున్న కెప్టెన్ జూల్-జొజెఫ్ కొలెత్ ఆమె తండ్రి. మధ్యయుగాల్లో ఇంటిపేర్లు స్థిరపడుతున్నప్పుడు, సాధారణంగా తండ్రి పేరే ఇంటిపేరుగా నిలిచినా, కొన్ని కుటుంబాలకు ఒక స్త్రీ పేరే ఇంటిపేరయింది. ఈజిప్టు పురావస్తు శాస్త్రజ్ఞుడు ఒగుస్త్ మరియెత్ ఇంటిపేరూ ఆ రూపంలోనిదే. ఏ కాలపు కొలెత్‌దో ఎవరికీ గుర్తులేని పిలుపు, మగవాళ్ల మీదుగా తరాలు నడిచి, ఒక సైనికుడి ఇంటిపేరుగా ఆ పల్లెకు చేరింది.

ఇంట్లో ఆమె గబ్రీ. తల్లి నోట పిల్లికూనను తలపించే ‘మినె-షెరీ’. తల్లి సిదొనీ కూడా ముద్దుపేరుతోనే, ‘సిదో’గా, సాహిత్యంలో నిలిచిపోయింది, 1930లో వచ్చిన కూతురి పుస్తకానికి అదే పేరు. 1893లో పెళ్లాడిన ఆన్రీ గొతియె-విలార్, ‘విలీ’ అన్న కలంపేరుతో ఇతరుల చేత రాయించి తన పేరుతో అచ్చువేసుకునే వ్యాపారి రచయిత. భార్య రాసిన తొలి నవల ‘క్లొదీన్ బడిలో’ 1900లో విలీ పేరుతోనే వెలువడింది. 1904 నుంచి కొలెత్ విలీ అన్న సంతకం కనిపించింది. 1923 నుంచి విలీ పోయి, సిదొనీ గాని గబ్రియెల్ గాని లేకుండా, కొలెత్ అన్న ఒక్క మాట మిగిలింది. భర్త పేరు తీసేస్తే మిగిలినది తండ్రి ఇంటిపేరు, కాని అది వినడానికి ఆడపిల్ల ముద్దుపేరు. ఇంటిపేరూ సొంతపేరూ కలంపేరూ ఒకే మాటలో ఇమడడం మరే ఫ్రెంచి రచయితకూ ఇంత అందంగా కుదరలేదు. రెండో వివాహంలో 1913లో పుట్టిన కూతురికి కొలెత్ అనే పెట్టారు. తాతగారి ఇంటిపేరు ఆ విధంగా మనవరాలికి మళ్లీ పెట్టినపేరయింది.

ఆమె 1944లో రాసిన ‘జిజీ’ కథానాయిక అసలు పేరు జిల్‌బెర్త్ కావడం కూడా ఈ సందర్భంలో గుర్తుచేయదగినదే. ముద్దుపేర్లలో ఉన్న బరువు ఆమెకు తెలిసినంతగా మరొకరికి తెలియదు. 1949లో గోంకూర్ అకాడమీకి అధ్యక్షురాలయింది. 1954 ఆగస్టు 3న పారిస్‌లో మరణించినప్పుడు ఫ్రెంచి గణతంత్రం ఒక స్త్రీకి తొలిసారిగా ప్రభుత్వ లాంఛనాలతో అంత్యక్రియలు జరిపింది. విడాకులు పొందిన స్త్రీ అన్న కారణంగా చర్చి మాత్రం మతకర్మలకు నిరాకరించింది. ఒక కొలెత్‌ను పీఠమెక్కించిన చర్చి ఇంకొక కొలెత్‌కు తలుపు వేసింది, గణతంత్రం తెరిచింది.

రచయిత్రి కీర్తి వెలుగుతున్న దశాబ్దాలలోనే పిల్లల పేర్లలో ‘ఎత్’ కెరటం లేచింది. ఫ్రాన్సు జాతీయ గణాంక సంస్థ ఇన్సే 1900 నుంచి పుట్టిన పిల్లల పేర్లను లెక్కగట్టి ప్రకటిస్తుంది. ఆ పట్టికలలో 1920లు, 1930లు పొలెత్, జినెత్, ఇవెత్, యుగెత్, జొజెత్, ఒదెత్, కొలెత్‌ల కాలంగా కనిపిస్తాయి. పాత తరాలలో దాసికి, పల్లెపిల్లకు చెల్లిన తోకను పట్టణపు మధ్యతరగతి ఇప్పుడు హుషారైన, పొట్టిజుట్టు ఆధునికతగా విన్నది. ఆ తరం రెండో ప్రపంచయుద్ధంలో పడుచుదయింది. నాజీలను ప్రతిఘటించిన ఒక కొలెత్ వృద్ధాప్యంలో తన అన్న మరణించిన జర్మనీ శిబిరానికి వెళ్లిరావడాన్ని చిత్రించిన ‘కొలెత్’ అనే లఘు డాక్యుమెంటరీకి 2021లో ఆస్కార్ వచ్చింది.

1950ల తరువాత ‘ఎత్’ చప్పున ముసలిదయింది. ఒక కెరటంలో మరీ ఎక్కువగా పెట్టిన పేర్లు ఆ తరంతో పాటే వయసు మీరతాయి. జినెత్ అంటే నానమ్మ అని వినిపించడం మొదలయ్యాక పసిబిడ్డకు ఆ పేరు పెట్టే ధైర్యం చేసేవారు తగ్గారు. వాటి జాగాలో 1990ల నడుమ మనోఁ దేశంలో ఎక్కువగా పెట్టిన ఆడపిల్లల పేర్లలో ఒకటయింది. అదీ మరీకి పాత ముద్దుపేరే, 1731 నాటి ప్రెవో నవల కథానాయిక పేరే. జూలియెత్ కూడా నిలదొక్కుకుంది. నానమ్మ పేరు కొడుకు తరానికి మోటుగా, ముత్తవ్వ పేరు మునిమనవరాలి తరానికి మనోహరంగా తోచడం ఫ్రెంచి నామశాస్త్రం తరచుగా గమనించిన చక్రం. ఆ లెక్కన కొలెత్ ఫ్రాన్సులోనూ, ఇంగ్లీషు మాట్లాడే దేశాలలోనూ మళ్లీ పసిపిల్లల పేరుగా వినిపిస్తోంది.

ఇప్పుడు ఆ పేరు పెడుతున్నవారిలో ఎక్కువమందికి నికొల్ గుర్తు లేదు, గుర్తుండనక్కరా లేదు. తెలుగు ఇళ్లలో బుజ్జి, చిట్టి, చిన్ని వంటి పిలుపులు బడి రిజిస్టరు గడప దగ్గర సాధారణంగా ఆగిపోతాయి. ఫ్రాన్సు పురపాలక కార్యాలయంలో మాత్రం తండ్రి కొలెత్ అని చెబితే గుమాస్తా ‘అసలు పేరేమిటి’ అని ఎదురు ప్రశ్న వేయడు, కొలెత్ అనే రాస్తాడు. పైగా ఇంట్లో ఆ పిల్లను పిలవడానికి కోకో అనో లెలెత్ అనో కొత్త ముద్దుపేరు కావలసి వస్తుంది.